‘బాడీ అండ్ సోల్’: ఏది పాట, ఏది రికార్డు, ఏది ఎవరిది?

2026 జనవరి 1తో అమెరికాలో 1930 నాటి పాటల మీద కాపీరైట్ గడువు తీరిపోయింది. వాటిలో జాజ్ వాళ్లు తరతరాలుగా వాయిస్తున్న ‘బాడీ అండ్ సోల్’ కూడా ఉంది. ఈ మాట చెవిన పడగానే, ఇక ఆ పాట రికార్డు ఏది దొరికితే అది తమ వీడియోకి తగిలించుకోవచ్చని చాలామంది అనుకుంటారు. అలా కుదరదు. గడువు తీరింది పాటకి. రికార్డుల లెక్క వేరే. టెనర్ సాక్సఫోన్ వాద్యకారుడు కోల్‌మన్ హాకిన్స్ 1939లో చేసిన ప్రఖ్యాత రికార్డుకి అమెరికాలో 2039 చివరి దాకా రక్షణ ఉంది.

పాట వేరు, రికార్డు వేరు అని చెప్పి ఊరుకుంటే సరిపోయేది. కానీ హాకిన్స్ రికార్డు వేసుకుని వింటే అసలు చిక్కు మొదలవుతుంది. జానీ గ్రీన్ కట్టిన వరస అందులో మొదట కాసేపు లీలగా వినిపించి మాయమైపోతుంది. మిగిలిందంతా హాకిన్స్ అప్పటికప్పుడు అల్లింది. జాజ్ అభిమానులు ‘బాడీ అండ్ సోల్’ అనగానే తలుచుకునేది మాత్రం ఆ రికార్డునే. వరస లేకుండా పాట ఎలా నిలిచింది? వరస లేని రికార్డు మీద వచ్చే డబ్బు వరస కట్టినవాడికి ఎందుకు వెళ్లింది? ఈ రెండు ప్రశ్నలకీ జవాబు స్టాండర్డ్ అన్నదాని స్వభావంలోనే ఉంది.

స్టాండర్డ్ అంటే ఎలాంటి పాట

ముందెన్నడూ కలవని నలుగురు వాద్యకారులు వేదిక ఎక్కి, పాట పేరు, శ్రుతి చెప్పుకుని, నాలుగు లెక్కపెట్టి మొదలుపెట్టగలిగితే అది స్టాండర్డ్. వాటిలో చాలావరకు జాజ్ కోసం పుట్టినవి కావు. బ్రాడ్‌వే నాటకాల నుంచో, హాలీవుడ్ సినిమాల నుంచో, షీట్ మ్యూజిక్ అమ్ముకునే న్యూయార్క్ ప్రచురణకర్తల దగ్గర నుంచో వచ్చాయి.

సినిమా పాటలకు అలవాటుపడ్డ మనకు ‘ఒరిజినల్’ అంటే మొదట విడుదలైన రికార్డు, తక్కినవన్నీ దానికి కవర్లు. స్టాండర్డ్ విషయంలో ఈ లెక్క పనిచేయదు. మొదట పాడినవాళ్ల పేరు చాలామందికి తెలియదు, తెలియకపోయినా వాయించేవాడికి పని ఆగదు. అతనికి కావలసింది రెండే: వరస, దాని కింద నడిచే కార్డుల క్రమం. కార్డు అంటే కలిపి మోగించే మూడు నాలుగు స్వరాల గుంపు. ఈ రెండూ రాసి ఉన్న ఒక్క కాగితాన్ని లీడ్ షీట్ అంటారు.

‘బాడీ అండ్ సోల్’ లీడ్ షీట్‌లో 32 బార్లు ఉంటాయి. బార్‌కి నాలుగు బీట్లు. ఈ 32 బార్ల చుట్టు మొత్తాన్ని ‘కోరస్’ అంటారు. మన పాటల్లో కోరస్ అంటే బృందగానం కాబట్టి తెలుగు వినేవాళ్లు ఇక్కడ తప్పకుండా తికమక పడతారు. తాళంలో ఆవర్తనం లాంటిదే ఈ కోరస్, కాకపోతే ఆవర్తనంలో తిరిగి వచ్చేది కాలం ఒక్కటే, ఇక్కడ కాలంతో పాటు కార్డుల వరుస కూడా తిరిగి వస్తుంది. ముందు ఒక కోరస్ వరస వాయించి, తర్వాతి కోరస్‌లలో అవే కార్డుల మీద కొత్త సంగీతం అల్లి, చివర మళ్లీ వరస వాయించి ముగించడం జాజ్‌లో మామూలు పద్ధతి. అచ్చులో కోరస్‌కి ముందు ‘వర్స్’ అని ఇంకో చిన్న భాగం ఉంటుంది. అది నాటకంలో మాటల నుంచి పాటలోకి దిగడానికి వేసిన మెట్టు. జాజ్ వాళ్లు దాని జోలికి దాదాపు వెళ్లరు.

నలుగురు రాశారు, లండన్‌లో ముందు మోగింది

జానీ గ్రీన్ 1908లో పుట్టాడు. హార్వర్డ్‌లో ఎకనామిక్స్ చదివి, కొన్నాళ్లు వాల్ స్ట్రీట్‌లో పనిచేసి, అది వదిలి సంగీతంలోకి వచ్చాడు. నటి గెర్ట్రూడ్ లారెన్స్‌కి పియానో వాయించే రోజుల్లో ఆమె కోసం ఈ పాట కట్టాడు. అప్పటికి వయసు 21. మాటలు రాసినవాళ్లుగా ఎడ్వర్డ్ హేమన్, రాబర్ట్ సౌర్, ఫ్రాంక్ ఐటన్ పేర్లున్నాయి. లారెన్స్ దీన్ని లండన్ తీసుకెళ్లింది. 1930 మొదట్లోనే అక్కడ జాక్ హిల్టన్ ఆర్కెస్ట్రా రికార్డు చేసింది. అమెరికాలో సెప్టెంబర్‌లో పాల్ వైట్‌మన్ ఆర్కెస్ట్రా రికార్డు, అక్టోబర్ 9న లాస్ ఏంజెలిస్‌లో లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్ రికార్డు వచ్చాయి. లిబ్బీ హోల్మన్ పాడిన బ్రాడ్‌వే ప్రదర్శన ‘త్రీస్ ఎ క్రౌడ్’ న్యూయార్క్‌లో అక్టోబర్ 15న తెరలేచింది. అంటే బ్రాడ్‌వే వేదిక ఎక్కడానికి ఆరు రోజుల ముందే ఈ పాట జాజ్ వాళ్ల చేతుల్లో పడింది.

మాటల విషయంలో గందరగోళం అప్పుడే మొదలైంది. మూడు పేర్లు ఎందుకున్నాయా అని వెతికితే, పాటకి ఒకటికి మించిన పాఠాలు కనిపిస్తాయి. మధ్య భాగం మాటలు కనీసం రెండు రకాలుగా వాడుకలో ఉన్నాయి. మొదటి పంక్తి కూడా ఒక పాఠంలో మనసు ఒంటరిదైందని, ఇంకో పాఠంలో రోజులు ఒంటరివైపోయాయని మొదలవుతుంది. గాయని మాట మరిచిపోయిందేమో అని వినేవాడు అనుకునే చోట ఆమె బహుశా రెండో పాఠం పాడుతుంటుంది. తనువూ మనసూ నీవేనంటూ అర్పించుకునే ఆ సాహిత్యం మరీ బరితెగించినట్టుందని ఎన్‌బీసీ రేడియో కొంతకాలం అభ్యంతరం చెప్పిందన్న మాట జాజ్ చరిత్ర రాసినవాళ్లు తరచూ చెబుతారు. ఏదేమైనా జాజ్‌లో పాట బతికింది ప్రధానంగా మాటల వల్ల కాదు, కార్డుల వల్ల.

ఒకటిన్నర నుంచి రెండు, రెండు నుంచి ఒకటి

ఈ 32 బార్లు ఎనిమిదేసి బార్ల నాలుగు భాగాలు. మొదటి, రెండో, నాలుగో భాగాల్లో వరస ఒకటే. మూడోది వేరు, దాన్ని బ్రిడ్జి అంటారు. ఆ కాలపు పాటల్లో సగానికి సగం ఈ మూసలోనే ఉంటాయి. ‘బాడీ అండ్ సోల్’ బ్రిడ్జి మాత్రం మూసలో ఒదిగే రకం కాదు.

పాట అసలు శ్రుతి డి-ఫ్లాట్ మేజర్. హార్మోనియం పట్టేవాళ్ల లెక్కలో ఒకటిన్నర శ్రుతి. కానీ పాట షడ్జం కార్డు మీద మొదలుకాదు. చతుశ్రుతి రిషభం మీది మైనర్ కార్డు, అంటే ఇ-ఫ్లాట్ మైనర్ మీద మొదలై, తిరిగి తిరిగి ఇంటికి, అంటే షడ్జం కార్డుకి వస్తుంది. వినేవాడికి ఇల్లెక్కడో మొదటి రెండు బార్లలో తెలియదు. పాటలో ఆ నిలకడలేనితనం, ఆ బెంగ చాలావరకు ఇక్కడి నుంచే వస్తుంది. కొత్తగా నేర్చుకునేవాళ్లు ఇక్కడే మొదటిసారి దెబ్బతింటారు. మొదటి కార్డునే ఇల్లనుకుని దాని స్వరాలతో అల్లడం మొదలుపెడతారు, మూడో బార్‌కి వచ్చేసరికి కాళ్లు తేలిపోతాయి.

బ్రిడ్జిలో మొదటి నాలుగు బార్లు డి మేజర్‌లోకి, అంటే రెండు శ్రుతికి ఎక్కుతాయి. ఇంటికి సరిగ్గా అరస్వరం పైన. ఐదో బార్ నుంచి సి మేజర్‌కి, ఒకటి శ్రుతికి దిగుతాయి. ఇంటికి అరస్వరం కింద. ఎనిమిదో బార్‌లో సి సెవెన్త్, బి సెవెన్త్, బి-ఫ్లాట్ సెవెన్త్ అని మూడు కార్డులు మెట్టు మెట్టుగా జారి, మళ్లీ ఇ-ఫ్లాట్ మైనర్ మీద వాలతాయి. చివరి ఎనిమిది బార్లు అక్కడి నుంచి మొదలవుతాయి.

పియానో మీద ఇది ఎంత దూరమో మెట్లు చూస్తే అర్థమవుతుంది. స్వరాన్ని ఒక మెట్టు దించితే ఫ్లాట్, ఎక్కిస్తే షార్ప్. డి-ఫ్లాట్‌కి ఐదు ఫ్లాట్‌లు, డి-కి రెండు షార్ప్‌లు, సి-కి ఒక్కటీ లేవు. ఒకటిన్నర, రెండు శ్రుతుల మధ్య తేడా ఒక్క మెట్టే అయినా రెండు మేజర్ స్కేల్స్‌కీ ఉమ్మడిగా ఉండే స్వరాలు రెండే. టెనర్ సాక్సఫోన్ బి-ఫ్లాట్ వాద్యం, అంటే కాగితం మీద సి అని ఉన్నది వాయిస్తే బి-ఫ్లాట్ వినిపిస్తుంది కాబట్టి దానికి రాసే కాగితంలో అన్నీ ఒక పూర్తి స్వరం పైకి జరుగుతాయి: మూడు ఫ్లాట్‌లు, తర్వాత నాలుగు షార్ప్‌లు, తర్వాత రెండు షార్ప్‌లు. వేళ్లకి పట్టుబడిన పదబంధాలన్నీ బ్రిడ్జి రాగానే ఎందుకూ కొరగాకుండా పోతాయి. ఒకరి సత్తా ఏపాటిదో తేల్చుకోవాలంటే ఈ పాట వాయించమనడం అందుకే. బ్రిడ్జి దాటేసరికి తేలిపోతుంది.

ఇప్పుడు మొదటి ప్రశ్నకి సగం జవాబు దొరికినట్టే. ఈ కార్డుల దారి ఎంత ప్రత్యేకమైనదంటే, వరస తీసేసినా తెలిసిన చెవి ఇది ఏ పాటో పట్టేస్తుంది. పైకి ఒక మెట్టు, కిందికి ఒక మెట్టు, ఆ తర్వాత జారుడు. ఇంత విలక్షణమైన బ్రిడ్జి ఉన్న స్టాండర్డ్‌లు తక్కువ.

1939 అక్టోబర్ 11న జరిగింది

హాకిన్స్ 1934లో ఐరోపా వెళ్లి, అయిదేళ్లుండి, 1939 వేసవిలో న్యూయార్క్ తిరిగొచ్చాడు. టెనర్ సాక్సఫోన్‌ని జాజ్‌లో సోలో వాద్యంగా నిలబెట్టినవాడు అతనే. అతను లేనప్పుడు లెస్టర్ యంగ్, చూ బెర్రీ లాంటి కొత్తవాళ్లు పేరు తెచ్చుకున్నారు. ఆర్‌సీఏ విక్టర్ వాళ్ల బ్లూబర్డ్ లేబుల్‌కి తొమ్మిదిమంది బృందంతో రికార్డింగ్‌కి కూర్చున్నాడు. ఈ పాటని చేర్చాలన్న పట్టుదల హాకిన్స్‌ది కాదు, కంపెనీ మనిషిదని చెబుతారు.

రికార్డులో జరిగేది ఇదీ: జీన్ రోజర్స్ పియానో మీద నాలుగు బార్ల ఉపోద్ఘాతం. ఆ వెంటనే హాకిన్స్. వరసని మొదటి ఎనిమిది బార్లలో గుర్తుపట్టవచ్చు, అక్కడ కూడా అంచుల్లో మారుస్తూనే ఉంటాడు. ఆ తర్వాత వరస వదిలేసి కార్డుల లోపలి స్వరాలను విప్పి, పైకీ కిందికీ గుదిగుచ్చుతూ వెళతాడు. రాసిన కార్డులతో సరిపెట్టుకోక మధ్యలో దారి కలిపే కార్డులు తనే చేర్చి వాటి మీద కూడా వాయిస్తాడు. రెండో కోరస్‌లో తక్కిన వాద్యాలు వెనక నుంచి పొడుగాటి స్వరాలు పట్టుకుంటాయి. హాకిన్స్ శబ్దం క్రమంగా పెరిగి, చివరి భాగంలో వాద్యం పై స్థాయికి వెళ్లి, ఒంటరిగా దిగివచ్చి ఆగుతుంది. చివర్లో వరస మళ్లీ వాయించే మామూలు పద్ధతి ఇందులో లేదు.

రెండే కోరస్‌లు ఎందుకు? దానికి కారణం డిస్క్ కొలత. పది అంగుళాల 78 ఆర్‌పీఎం డిస్క్‌లో ఒక వైపు దాదాపు మూడు నిమిషాలు పడుతుంది. నాలుగు బార్ల ఉపోద్ఘాతం, 64 బార్లు కలిపితే 68 బార్లు, అంటే 272 బీట్లు. నిమిషానికి 95 బీట్ల నడకలో ఇది 172 సెకన్లు. చివర సాగదీతకి పది సెకన్లు పోతే డిస్క్ నిండిపోయింది. నిమిషానికి 60 బీట్ల నెమ్మది నడకలో పాడితే ఒక్క కోరస్‌కే 128 సెకన్లు కావాలి, రెండోది పట్టదు. వరసకి ఒక కోరస్ ఇచ్చి ఉంటే హాకిన్స్‌కి మిగిలేది ఒక్కటే. అతను మొదటి దాంట్లోనే వరస వదిలేయడం వెనక కళతో పాటు ఈ జాగా లెక్క కూడా ఉంది.

వరస లేని ఈ రికార్డు జనంలో బాగా ఆడింది. జ్యూక్‌బాక్సుల్లో డబ్బులు వేసి మరీ విన్నారు. 2004లో అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ దీన్ని నేషనల్ రికార్డింగ్ రిజిస్ట్రీలో చేర్చింది.

హాకిన్స్ మొదలుపెట్టాడా, పూర్తిచేశాడా

ఆధునిక జాజ్ ఇక్కడే పుట్టిందని కొందరి వాదన. 1940ల మధ్యలో వచ్చిన బీబాప్ వాళ్లు వరసని పక్కనపెట్టి కార్డుల మీదే నడిచారు. ఆ పద్ధతిని ఇంత స్పష్టంగా, ఇంత జనాదరణతో చూపిన మొదటి రికార్డు ఇదేనంటారు. హాకిన్స్ కూడా 1944లో డిజీ గిలెస్పీ లాంటి కుర్రాళ్లను పిలిచి రికార్డులు చేశాడు, కాబట్టి ఈ వాదనకి ఆధారం లేకపోలేదు.

రెండో పక్షం దీన్ని అప్పటిదాకా నడిచినదానికి శిఖరం అంటుంది. ఆర్మ్‌స్ట్రాంగ్ 1930లోనే పాటని తన ధోరణిలోకి వంచాడు. 1935 జూలైలో బెన్నీ గుడ్‌మన్, టెడ్డీ విల్సన్, జీన్ క్రూపాల త్రయం బాస్ కూడా లేకుండా చేసిన రికార్డు దీన్ని వాద్యసంగీతంగా స్థిరపరిచింది. 1938లో చూ బెర్రీ, రాయ్ ఎల్‌డ్రిడ్జ్ చేసిన రికార్డు మరీ ముఖ్యం. అందులో ఎల్‌డ్రిడ్జ్ ట్రంపెట్ వచ్చేసరికి నడక రెట్టింపవుతుంది.

ఈ రెట్టింపు గురించి ఒక మాట, ఎందుకంటే దీన్ని చాలామంది తప్పుగా అర్థం చేసుకుంటారు. డబుల్ టైమ్‌లో బాస్, డ్రమ్స్ రెండింతల వేగంతో కొడతాయి కానీ కార్డులు మారే వేగం మారదు. ఒక బార్‌లో నాలుగు దెబ్బలుండే చోట ఎనిమిది పడతాయి, బార్ నిడివి మాత్రం అదే. 32 బార్ల కోరస్‌కి పట్టే సమయమూ అంతే. బాస్ వాయించేవాడు పొరపాటున కార్డులను కూడా రెట్టింపు వేగంతో మార్చేస్తే, సోలో వాయించేవాడు తొమ్మిదో బార్ మొదట్లో ఉండగా అతను బ్రిడ్జిలో ఉంటాడు. అభ్యాస బృందాల్లో ఈ ప్రమాదం తరచూ జరుగుతుంది.

ఈ తగువులో మూడో కోణం కూడా ఉంది. హాకిన్స్ ప్రతి కార్డునీ నిలువునా విప్పుతాడు. లెస్టర్ యంగ్ 1942లో నాట్ కింగ్ కోల్ పియానోతో, రెడ్ క్యాలెండర్ బాస్‌తో చేసిన ‘బాడీ అండ్ సోల్’ వింటే, కార్డులు మారుతున్నా పట్టించుకోనట్టు పైన తేలుతూ పోయే పొడవాటి గీత వినపడుతుంది. బీబాప్‌కి ఈ ఇద్దరి నుంచీ వాటా వచ్చింది. చార్లీ పార్కర్ కుర్రతనంలో వాయించిన ‘బాడీ అండ్ సోల్’ రికార్డింగులు 1940 ప్రాంతం నాటివి మిగిలి ఉన్నాయి, రెండు దారులూ వాటిలో కనిపిస్తాయి. కాబట్టి ఒక్క రికార్డుని గీత గీసినట్టు హద్దుగా పెట్టడం కష్టం. అయితే ఆ పద్ధతిని సామాన్య శ్రోత ఇంటికి చేర్చింది హాకిన్సే, అది కాదనేవాళ్లు లేరు.

డబ్బు ఏ దారిన వెళ్లింది

1909 నాటి అమెరికా కాపీరైట్ చట్టంలో ఒక ఏర్పాటుంది. ఒక పాటని హక్కుదారు ఒప్పుకోలుతో ఒకసారి రికార్డు చేశాక, మరెవరైనా అనుమతి అడగకుండా రికార్డు చేసుకోవచ్చు. డిస్క్‌కి రెండు సెంట్లు చెల్లిస్తే చాలు. ఈ రెండు సెంట్ల రేటు 1978 దాకా మారలేదు. ఒక పాటకి వందల రికార్డులు ఉండటానికి పాట గొప్పతనంతో పాటు ఈ చట్టం కూడా కారణం. ఎవరి దయా అక్కర్లేదు.

ఒక ఊహా లెక్క వేద్దాం. ఏదో ఒక రికార్డు లక్ష కాపీలు అమ్ముడైందనుకోండి. పాట ప్రచురణకర్తకి వెళ్లేది గరిష్ఠంగా 2,000 డాలర్లు. ఆనవాయితీగా అందులో సగం రచయితలది. నలుగురూ సమానంగా పంచుకుంటే తలకి 250. ఈ లెక్కలో వాద్యకారుడి పేరు ఎక్కడా లేదు. రికార్డింగ్ కంపెనీతో అతను కుదుర్చుకున్నదే అతనికి దక్కేది. అమెరికాలో మామూలు రేడియో ప్రసారానికి ఈనాటికీ పాట రాసినవాళ్లకే సొమ్ము వెళుతుంది, వాయించినవాళ్లకి వెళ్లదు. 64 బార్లలో దాదాపు 56 బార్లు హాకిన్స్ సొంత సంగీతమే అయినా, లేబుల్ మీద స్వరకర్తగా ఉన్నది గ్రీన్ పేరు.

దీనికి వాద్యకారులు కనిపెట్టిన ఉపాయం ‘కాంట్రాఫ్యాక్ట్’. పాత పాట కార్డులు ఉంచేసి, కొత్త వరస కట్టి, కొత్త పేరు పెట్టడం. కార్డుల క్రమం మీద ఎవరూ హక్కు అడగని ఆచారం ఉంది కాబట్టి ఇది చెల్లింది. హాకిన్స్ 1944 ఫిబ్రవరిలో అపోలో కంపెనీకి ‘రెయిన్‌బో మిస్ట్’ అని ఒకటి రికార్డు చేశాడు. వింటే ‘బాడీ అండ్ సోల్’ కార్డులే, బ్రిడ్జిలో అదే ఎక్కుడూ దిగుడూ. 1939లో చేసినట్టే వరస వాయించకుండా అల్లుకుంటూ పోయాడు. ఈసారి స్వరకర్త పేరు హాకిన్స్‌ది. రెండు రికార్డులూ పక్కపక్కన పెట్టి వింటే చట్టం ‘పాట’ అని దేన్ని పిలుస్తుందో ఇట్టే తెలుస్తుంది. సంగీతం చేసిన పద్ధతి ఒకటే, పేరు మారేసరికి యజమాని మారాడు.

ఇది గ్రీన్‌కి అన్యాయమా, 1939 నాటిది హాకిన్స్‌కి అన్యాయమా? వాద్యకారుల పక్షం మాట్లాడేవాళ్లు అప్పటికప్పుడు అల్లిందీ స్వరరచనే అంటారు. అవతలి పక్షం చెప్పేదీ తీసిపారేయదగ్గది కాదు: డి-ఫ్లాట్ నుంచి డి-కి ఎక్కి సి-కి దిగే ఆ దారి గ్రీన్ వేయకపోతే హాకిన్స్ నడిచేది దేని మీద? ‘రెయిన్‌బో మిస్ట్’లో మాత్రం గ్రీన్‌కి దక్కాల్సినది ఎంతోకొంత పోయిందని నాకనిపిస్తుంది. కార్డుల దారి మామూలుదైతే వేరే సంగతి.

రికార్డుకి రికార్డు జవాబు

1939 తర్వాత ఈ పాట ఎత్తుకున్న టెనర్ సాక్సఫోన్ వాద్యకారులు గ్రీన్ కంటే ముందు హాకిన్స్‌కి జవాబు చెప్పుకోవలసి వచ్చింది. గాయకుడు ఎడ్డీ జెఫర్సన్ హాకిన్స్ సోలోకి స్వరం స్వరానికీ మాటలు రాసి పాడాడు. ఈ పద్ధతిని వోకలీజ్ అంటారు. 1979లో మాన్‌హాటన్ ట్రాన్స్‌ఫర్ బృందం దాన్ని నాలుగు గొంతులకి పెంచింది. అక్కడికి వాద్యసోలోయే వరస అయి కూర్చుంది.

హాకిన్స్ నీడ నుంచి బయటపడ్డ దారులు కొన్ని ఉన్నాయి. 1940 అక్టోబర్‌లో డ్యూక్ ఎల్లింగ్టన్ పియానో, జిమ్మీ బ్లాంటన్ బాస్ ఇద్దరే కలిసి చేసిన రికార్డులో పాటని విల్లుతో పాడించింది బాస్. 1958లో సోనీ రోలిన్స్ ఎవరి తోడూ లేకుండా ఒక్క సాక్సఫోన్‌తో వాయించాడు. కార్డులు వినిపించేవాళ్లు లేకపోయినా బ్రిడ్జి మలుపులు తెలుస్తాయి. థెలోనియస్ మంక్ 1962లో ఒంటరి పియానో మీద చేసిన రికార్డులో వరస దాదాపు చెక్కుచెదరదు, దాని చుట్టూ మాత్రం అన్నీ కోసుకుపోయే కోణాలే. నాకైతే హాకిన్స్‌కి పూర్తిగా ఎదురుదిక్కు అదే.

జాన్ కోల్ట్రేన్ 1960 అక్టోబర్ 24న చేసిన రికార్డు అన్నిటికంటే ఎక్కువ మార్చింది. 1964లో ‘కోల్ట్రేన్స్ సౌండ్’ ఆల్బమ్‌లో వచ్చింది. బాస్ ఒకే స్వరం పట్టుకుని ఉండగా మెకాయ్ టైనర్ పియానో దాని మీద ఒక ఆవృత్తి నడుపుతుంది. నడక నెమ్మదిగా సాగే బలాడ్‌ది కాదు, చురుకైనది. బ్రిడ్జిలో గ్రీన్ కార్డుల మధ్య కోల్ట్రేన్ తన ‘జైంట్ స్టెప్స్’ నాటి పద్ధతి దూర్చాడు, షడ్జం మేజర్ థర్డ్ దూరాల్లో, అంటే నాలుగేసి మెట్లు గెంతుతుంది. డెక్స్‌టర్ గోర్డన్ వయసులో కోల్ట్రేన్ కంటే పెద్దవాడు, ఒకప్పుడు కోల్ట్రేన్‌కి ఆదర్శం. 1970ల చివర్లో అతను ఈ పాట వాయించేటప్పుడు కోల్ట్రేన్ ఏర్పాటునే ఎత్తుకున్నాడు. ఈ రోజు జామ్ సెషన్‌లో ‘బాడీ అండ్ సోల్’ అంటే, ఏ ఏర్పాటో ముందే అనుకోకపోతే పియానో ఒక దారిన, బాస్ ఒక దారిన పోతాయి. ఇంకో జాగ్రత్త కూడా పాటిస్తారు. నెమ్మది నడకలో ఒక్కొక్కరూ పూర్తి కోరస్ వాయిస్తే పాట పావుగంట దాటుతుంది, అందుకని రెండో సోలో అయ్యాక వరసని మొదటి నుంచి కాక బ్రిడ్జి నుంచి అందుకుని ముగించేస్తారు.

గొంతు రికార్డుల్లో బిల్లీ హాలిడే 1940 నాటిది, సారా వాన్ 1978లో రే బ్రౌన్ బాస్ ఒక్కటే తోడుగా పాడినది వినదగ్గవి. ఎస్పెరాన్సా స్పాల్డింగ్ 2008లో స్పానిష్ మాటలతో, బార్‌కి అయిదు బీట్లతో పాడింది. టోనీ బెనెట్‌తో కలిసి ఎమీ వైన్‌హౌస్ 2011 మార్చిలో లండన్ ఆబీ రోడ్ స్టూడియోలో పాడినది ఆమె చివరి రికార్డింగ్. ఆ జూలైలో చనిపోయింది. మరుసటి ఏడాది దానికి గ్రామీ వచ్చింది. ఈ తరంలో చాలామందికి పాట పరిచయమైంది దానితోనే.

ఇప్పుడు ఏది స్వేచ్ఛగా వాడుకోవచ్చు

అమెరికాలో 1930లో అచ్చయిన పాటకి 95 ఏళ్లు, అంటే 2025 చివరితో సరి. వరస, 1930 నాటి మాటలు, కార్డులు ఎవరైనా అక్కడ వాయించుకోవచ్చు, మార్చుకోవచ్చు, అచ్చువేసుకోవచ్చు. తర్వాతి కాలంలో ఎవరైనా చేర్చిన కొత్త మాటలకి, ప్రత్యేకమైన ఆర్కెస్ట్రా ఏర్పాట్లకి ఈ స్వేచ్ఛ వర్తించదు. 1923 నుంచి 1946 మధ్య విడుదలైన రికార్డులకి అక్కడ 100 ఏళ్లు. ఆర్మ్‌స్ట్రాంగ్ రికార్డు 2031 జనవరి 1న, హాకిన్స్‌ది 2040 జనవరి 1న హక్కుల నుంచి బయటపడతాయి. కోల్ట్రేన్ 1964 ఆల్బమ్‌కి 2067 ఫిబ్రవరి దాకా ఆగాలి.

మన దేశంలో లెక్క తలకిందులు. రికార్డుకి విడుదలైన ఏడాది తర్వాత 60 ఏళ్లే. కాబట్టి హాకిన్స్ రికార్డు మీది హక్కు ఇక్కడ ఎప్పుడో తీరిపోయింది, కోల్ట్రేన్ ఆల్బమ్‌ది 2024 చివరితో తీరింది. పాటకి మాత్రం రచయిత చనిపోయాక 60 ఏళ్లు. గ్రీన్ 1989లో చనిపోయాడు. ఈ ఒక్క సూత్రమే చూస్తే వరస మీది హక్కు 2049 దాకా ఉండాలి. విదేశీ రచనలకి ఇంకో షరతుంది: మూలదేశంలో దొరికే గడువుకి మించి ఇక్కడ దొరకదు. అలాంటప్పుడు ఈ పాట మూలదేశం అమెరికాయా, బ్రిటనా అన్నది ముందుకొస్తుంది. బ్రిటన్‌లో రచయిత మరణం తర్వాత 70 ఏళ్ల లెక్క నడుస్తుంది. సినిమాలోనో, ప్రకటనలోనో వాడదలచినవాళ్లు ఈ ముక్క లాయర్‌తో తేల్చుకోక తప్పదు.

కవర్ల విషయంలోనూ తేడా ఉంది. మన చట్టంలో 2012 సవరణ చేర్చిన 31సి సెక్షన్ ప్రకారం, పాట మొదటి రికార్డింగ్ జరిగిన ఏడాది తర్వాత అయిదేళ్లు గడిస్తే, కనీసం 50,000 కాపీలకి రాయల్టీ ముందే కట్టి కవర్ చేసుకోవచ్చు. కానీ మాటల్లోనూ వరసలోనూ మార్పు చేయకూడదు, సాంకేతికంగా తప్పనిసరైతే తప్ప. హాకిన్స్ రికార్డుని ఈ సెక్షన్ కొలతతో కొలిస్తే తొమ్మిదో బార్ దాటకముందే ఉల్లంఘన కింద లెక్క. అమెరికా చట్టం కూడా 1978 నుంచి కవర్‌లో మూల వరసని, పాట మౌలిక స్వభావాన్ని మార్చకూడదనే అంటోంది. కానీ జాజ్ రికార్డుల మీద ఆ నిబంధన తీసుకొచ్చి తగువుపెట్టే ఆచారం అక్కడ లేదు.

పాట కోసం వెతికేటప్పుడు పేరు చూసి మోసపోవద్దు. అనీటా బేకర్ 1994లో ఇదే పేరుతో పాడింది వేరే పాట. లేబుల్ మీద హేమన్, సౌర్, ఐటన్, గ్రీన్ అనే నాలుగు పేర్లుంటే ఇదే. ‘రెయిన్‌బో మిస్ట్’ మీద ఆ నాలుగు పేర్లూ కనిపించవు, దాన్ని బ్రిడ్జి విని పట్టుకోవాలి.